ఎనభైనాలుగో నంబరు పుస్తకం

ఏంటమ్మా పూజితా, ఎనభైనాలుగో నంబరా? ఏదీ, ఆ కాగితం ఇలా ఇవ్వు. ఆఁ, మీ తాతగారి రాతే. పెద్దిరాజుగారి సున్నాలు ఇలాగే గారెల్లా గుండ్రంగా ఉండేవి. కూర్చో, మంచం మీద ఆ లేసు పక్కకి జరుపుకుని కూర్చో. చూసుకో, సూది ఉంటుంది. అయితే ఆయన పోయాక పుస్తకాలన్నీ మీరు లైబ్రరీకి ఇచ్చేస్తున్నారన్నమాట. మంచిపనే. నూటపన్నెండు ఉండాలి, నూటపదకొండే తేలాయంటావు. ఎవర్ని అడిగినా చిట్టెమ్మనే అడగమన్నారా? అంటారు, అంటారు. చెప్తాను గానీ మధ్యలో ఆపకు, నాకు వరస తప్పిపోద్ది.

మీ తాతగారంటే నరసాపురంలో లేసు వ్యాపారం కదా. మేం ఇళ్ళల్లో అల్లి పట్టుకెళ్తే అద్దాలు పైకెత్తుకుని ఒక్కో పువ్వూ చూసి తీసుకునేవారు. కానీ మనసంతా మేడమీద గదిలోనే. కథల పుస్తకాలు కాదమ్మా, అన్నీ చరిత్రే. రాగిరేకుల శాసనాలంట, బౌద్ధుల స్తూపాలంట, పాత నాణేలంట, ఢిల్లీ సుల్తానులంట, గోదారికి ఆనకట్ట ఎలా కట్టారో అదో లావుపాటి పుస్తకం. రాజమండ్రి వెళ్ళారంటే రెండు సంచులతో దిగేవారు. మీ మామ్మగారు రత్నమాణిక్యంగారు ఊరుకుంటారా? వీధి చివరికి వినపడేలాగ, "వచ్చారా? చచ్చిపోయిన రాజులందర్నీ తెచ్చేశారా, ఇంకా ఎవరైనా మిగిలారా?" అనేవారు. ఆయన చెప్పులిప్పుకుంటూ, "వీళ్ళు కూర బాగోలేదనరు కదే!" అనేవారు. ఆ కూర సంగతి వేరే ఉందిలే. మీ మామ్మగారికి ఉప్పు చెయ్యి కాస్త... సరే, అదెందుకిప్పుడు.

తొంభైయారు తుఫానప్పుడు నువ్వింకా పాకుతున్నావేమో. మేడమీద పెంకులు లేచిపోయాయి. తెల్లారి మా ఇంట్లో నీళ్ళు తోడేసుకుని, వీళ్ళెలా ఉన్నారో చూద్దామని వెళ్తే, మీ తాతగారు మెట్లమీద కూర్చునున్నారు. ఒళ్ళో తడిసి ఉబ్బిపోయిన పుస్తకం. "పోయాయి చిట్టెమ్మా" అన్నారు. అంతేనమ్మా. అంతకుముందు ఆయన గొంతు అలా వినలేదు నేను. నాకు ఏడుపొచ్చేసింది. రెండ్రోజులు అన్నం ముట్టలేదు మనిషి.

అప్పుడు చూడాలి మీ మామ్మగార్ని! ముప్ఫై ఏళ్ళు ఆ పుస్తకాల్ని తిట్టిపోసిన మనిషి కొంగు బిగించి మా లేసువాళ్ళందర్నీ పిలిపించారు. "ఏమ్మా, లేసు ఉతికి, గంజిపెట్టి, గుండుసూదులు గుచ్చి, ఒక్క పువ్వు వంకర పోకుండా ఆరబెడతారు కదా. కాగితం ఆరబెట్టలేరా?" అన్నారు. నిజమేకదా, మాకా పని పుట్టుకతో వచ్చిందాయె. తలా ఐదో ఆరో ఇంటికి పట్టుకెళ్ళాం. ఎండలో పెడితే వంకరపోతాయి, నీడపట్టునే పెట్టాలి. ఏ పేజీకా పేజీ విడదీసి, మధ్యలో పాతగుడ్డ వేసి, పైన సన్నికల్లు పెట్టి. ఊడిపోయినవన్నీ లేసుదారంతోనే కుట్టాం. చూశావా, ఆ పుస్తకాల వీపున తెల్లదారం? అది మాదే.

ఇంక చదువొచ్చినవాళ్ళం ఊరుకుంటామా? పేజీ తిప్పుతూ ఓ కన్నేస్తాం కదా. మాలో సంపూర్ణమ్మైతే నూతి దగ్గర బిందె దించకుండానే మొదలెట్టేది. "విన్నావంటే చిట్టెమ్మా, కన్నతండ్రిని కోటలో పెట్టి తాళం వేశాడంట! ఎంతమంది నౌకర్లుండి ఏం లాభం?" ఎవరో పక్కవీధివాళ్ళ సంగతనుకుని నేను కంగారుపడితే, ఢిల్లీ పాదుషా అంట! సత్యకుమారి పట్టుకెళ్ళిన దాంట్లో సగం పేజీలు అంటుకుపోయాయి. ఏకంగా మీ తాతగారి దగ్గరికే వెళ్ళి, "అయ్యగారండీ, ఆ సేనాపతి చివరికి బతికేడా లేదా అండీ? నాకు నిద్రపట్టట్లేదండీ" అని అడిగింది. ఆయన నవ్వేరు. తుఫాను తరవాత నవ్వడం అదే. ఆ పూట అన్నం రెండుసార్లు వడ్డించుకున్నారని మీ మామ్మగారు వీధంతా చెప్పుకున్నారు.

అన్నీ తిరిగొచ్చేశాయి. ఆఁ, వస్తున్నాను, దాని దగ్గరికే వస్తున్నాను. ఎనభైనాలుగోది నా వాటాలో పడింది. మన కోస్తా రేవుల గురించి, తెల్లవాళ్ళ ఓడల గురించి, గుడ్డల బేరాల గురించీను. ఆరబెడుతుంటే ఓ పేజీలో మాధవాయిపాలెం అనుంది. మా పుట్టిల్లమ్మా అది! అక్కడ ఓడలు కట్టేవారంట. అక్కడ నేసిన గుడ్డ ఓడలెక్కి తెల్లవాళ్ళ సీమకెళ్తే, ఆ గుడ్డకి మా ఊరి పేరే పెట్టి పిలిచారంట. మా ఊరంటే అందరికీ చేపలవాసనేగా? మా నాన్న ఉండుంటే చదివి వినిపిద్దును కదా అనిపించింది. పదిసార్లు చదివాను. ఇచ్చెయ్యడానికి చేతులు రాలేదు. "అది ముద్దైపోయిందండీ, కాలవలో పారేశాను" అని చెప్పేశాను. ఆయన మొహం చిన్నబోయింది. "పోనీలేమ్మా, నువ్వేం చేస్తావు. అదింక దొరకదు" అన్నారు.

మూడు నెలలు తలెత్తి ఆయన్ని చూడలేదు. ఓ రోజు లేసు ఇవ్వడానికి వెళ్తే, అక్కడ మాతోపాటు లేసు అల్లే పాపాయి, "మీ మాధవాయిపాలెంలో ఏముందే, ఎండుచేపలు తప్ప" అంది. నాకు ఒళ్ళు మండిపోయి, "నీకేం తెలుసే! మూడొందల ఏళ్ళ కిందటే మా ఊరి గుడ్డ సీమదొరలు కట్టుకున్నారు!" అనేశాను. అనేశాక నాలిక్కరుచుకున్నాను. మీ తాతగారు అద్దాలు పైకెత్తారు. "ఎక్కడ చదివావమ్మా?" అన్నారు. "రేడియోలో చెప్పారండీ" అన్నాను. "ఓహో, రేడియోలోనా" అని, మళ్ళీ లేసు చూసుకున్నారు.

ఆ ఆదివారం ఇదిగో, ఈ అరుగు మీదకే వచ్చారు. మజ్జిగిచ్చాను, తాగారు. చంకలోంచి చుట్టచుట్టిన కాగితం తీసి మంచమ్మీద పెట్టారు. "ఎనభైనాలుగోదాంట్లో పటం చిట్టెమ్మా. తడికి ఊడి మా ఇంట్లో ఉండిపోయింది. పుస్తకం ఉన్నచోటే ఇదీ ఉండాలి కదా" అన్నారు. నేను నోరు తెరిచేలోపు చెప్పులేసుకుని వెళ్ళిపోయారు. విప్పి చూస్తే మాధవాయిపాలెం చుట్టూ ఎర్రపెన్సిలు సున్నా. గారెలాగే ఉంది, గుండ్రంగా.

అదమ్మా సంగతి. బీరువాలో పైఅర, పట్టుచీర కింద చూడు. పటం లోపలే ఉంది. నువ్వే తీసుకో, నా చేత్తో నేనివ్వలేను.

ఏంటీ? కొట్టేస్తున్నావా? బీరువా తియ్యకుండానే జాబితాలో ఎనభైనాలుగు కొట్టేస్తున్నావా?

కాఫీ తాగమ్మా. చల్లారిపోతోంది.