ఇంటికొచ్చేసరికి సిద్ధం

ఆఫీసు నుంచి వచ్చిన తమ్ముడు గుమ్మంలోనే అడిగాడు.

“ఇంటర్వ్యూ ఎలా అయిందక్కా?”

“మధ్యలో వీడియోలో నా మొహం బిగుసుకుపోయిందట. మాట ముక్కలు ముక్కలుగా వినిపించిందట. చాలమ్మా, ఉంటాం అన్నారు.”

“ఆ నెట్ వాళ్లని దులిపేద్దాం!”

“దులిపేశాను, పాపం. లైన్ బాగానే ఉంది, మీ ఇంట్లోనే ఏదో పెద్దది డౌన్‌లోడ్ అవుతోంది, చూసుకోండి అన్నారు. నీ గదిలోకెళ్లి కంప్యూటర్ చూశాను.”

“ఆఫీసుకెళ్తూ బస్సులోంచి ఫోన్‌లోనే డౌన్‌లోడ్ నొక్కానక్కా. ఇంటికొచ్చేసరికి గేమ్ సిద్ధంగా ఉంటుందని… నీ ఇంటర్వ్యూ సంగతి గుర్తులేక…”

“పొద్దున ఆల్ ది బెస్ట్ చెప్పింది నువ్వే కదరా!”

“సిగ్గుతో చచ్చిపోతున్నాను. చూడగానే ఆపేయకపోయావా?”

“ఎందుకులే. మనిద్దరిలో ఒకరిదైనా పూర్తవనీ అనుకున్నాను. వెళ్లు, ఆడుకో.”