పుస్తకం అంచున పెన్సిల్ రాతలు

తను రాసిన కుటుంబ నవలని రచయిత మరోసారి ఇంటికి తీసుకెళ్ళి గ్రంథాలయంలో తిరిగి ఇస్తుంటే, లైబ్రేరియన్ కళ్ళజోడు సర్దుకుంది.

"మీ పాఠకులు రెండు వర్గాలైపోయారండీ. పేజీ అంచున అత్త దేవత అని ఒకరు రాస్తే, పక్కనే రాక్షసని ఇంకొకరు! ఈ గొడవ చదవడానికే జనం ఎగబడుతున్నారు."

"దేవత అని రాసింది నేనే."

"మరి రాక్షసని?"

"అదీ నేనే, ఎడంచేత్తో. అంతా పొగడ్తే అయితే ఎవరు నమ్ముతారు?"

"బాగుంది సంబడం! 'ఇందులో మొగుడు గోడ మీద పిల్లి, అచ్చం రాసినవాడిలాగే.' ఇదీ మీరేనా?"

పేజీ చూసి అతను కుర్చీలో కూలబడ్డాడు.

"మా ఆవిడ రాత. పుస్తకం ముట్టుకోనే లేదంది!"

"కింద 'ముమ్మాటికీ నిజం' అని ఎవరో..."

"మా అమ్మ. అత్తాకోడళ్ళు ఒక్కమాట మీదికి రావడం ఇదే మొదటిసారండీ!"