వంతుకో రింగు

ఆ రోజు మధ్యాహ్నం ఒంటిగంటా పన్నెండు నిమిషాలకి నేను చిక్కుడుకాయలకి ఈనెలు తీస్తున్నానమ్మా సాహిత్యా. టైము ఎలా తెలుసంటావా, టీవీలో ఓ మూల వేస్తాడుగా. ముందు ఆ బేస్‌బాల్ తీసేసి ఇంకేదన్నా పెట్టు, చెప్తా. నువ్వు మా వెనకగదిలో దిగి రెణ్ణెల్లయింది. ఈ ఆట పెట్టినప్పుడల్లా ఈ అంకుల్ లేచి పెరట్లోకి పోతాడేంటని అనుకుంటూనే ఉన్నావు, నాకు తెలుసు.

కునాల్ అని, పక్కింటి మునమ్మ కొడుకు. ఫిజీ తెలుగువాళ్లు. ఇది జరిగి పన్నెండేళ్లయింది. ఆ ఇల్లు తర్వాత పంజాబీవాళ్లు కొన్నార్లే, రోజా మొక్కలు మాత్రం మునమ్మ పెట్టినవే, వీళ్లు నీళ్లు సరిగ్గా పొయ్యరు. ఏం చెప్తున్నా... ఆఁ, కునాల్. బంతి విసిరేవాడు. అమెరికాలో చిన్న జట్లకి మూడేళ్లు జీతానికి ఆడొచ్చాడు, తిరిగొచ్చి ఇక్కడి జట్టులో చేరాక మన టీవీలో కనిపించేవాడు. గంటకి నూట నలభై కిలోమీటర్ల విసురు. మా తెనాలి రైలు కూడా అంత పోదు. కానీ అవతలివాడు కొడితే అంతకన్నా జోరుగా ఎదురొస్తుంది కదా. కొట్టేవాడికి హెల్మెట్టుంటుంది, విసిరేవాడికి గుడ్డటోపీ. మునమ్మకి అదే భయం. "అన్నా, నేను సూడలేను. నువ్వు సూసి, వాడు ఇసిరే వంతు ముగిసినప్పుడల్లా నా ఫోనుకి ఒక్క రింగు ఇయ్యి. నేను ఎత్తను" అంది. రింగొస్తే పిల్లాడు బాగున్నట్టు. మా కౌసల్య వేళాకోళం చేసేది, "ఈ ఉద్యోగానికి పెన్షన్ ఉందాండీ?" అని. నాలుగేళ్లిచ్చానమ్మా, ఒక్కటి తప్పలేదు.

ఆ ఆదివారం వాడు మూడోసారి విసిరే వంతు నడుస్తోంది. కొట్టిన చప్పుడు వినపడింది, బంతి కనపళ్లేదు. వాడు ముందుకి పడ్డాడు. టోపీ ఓ పక్కన. ఎప్పుడూ వాగే కామెంటరీవాడు మాట్లాడ్డం మానేశాడు. అంతలో యాడ్లు. కార్ల యాడు, సోఫాల యాడు. అంతకుముందు నెల భుజానికి తగిలితే లేచి నవ్వాడుగా, ఇప్పుడూ లేస్తాళ్లే అనుకున్నా. రింగు ఆలస్యమైతే ఆవిడకేమవుద్దోనని... నొక్కేశా. వంతు ఇంకా అవనేలేదు. చాలాసేపటికి మైదానం చూపిస్తే ఇంకెవడో విసురుతున్నాడు. ఫోన్ నా చేతిలోనే ఉంది. ఆవిడ గోడవతలే ఉంది. లేచెళ్లి తలుపు కొట్టడానికి నాకు ముప్పావుగంట పట్టింది. నేనే కార్లో ఆస్పత్రికి తీసుకెళ్లా. వాడికి తెలివి తప్పి పది నిమిషాలయిందన్నారు. అప్పటిదాకా మాట్లాడాడట. రెండోరోజు పోయాడు.

పదకొండోనాడు మునమ్మ కూతురు మోనిషా మా గిన్నె తిరిగివ్వడానికొచ్చి, గడపలోనే నిలబడి, ఇంగ్లీషులో మెల్లిగా చెప్పింది. మునమ్మ నాలుగేళ్లూ ప్రతి ఆటా చూసేదట, సౌండు తీసేసి. వాడు పడ్డమూ చూసిందట. చెప్పులేసుకుని కారు తాళాలు అందుకుందట. అప్పుడొచ్చింది నా రింగు. "అన్న సూశాడుగా" అని తాళాలు మళ్లీ మేకుకి తగిలించి, టీవీ కట్టేసి, పొయ్యిమీద అన్నం పెట్టిందట.