తామీల్ అయిన హుకుం

వీరప్ప బండి పోయే తొవ్వకు సంగప్ప అడ్డంగ కంప కొట్టిండు. తియ్యాలని నారాయణఖేడ్ అదాలత్ హుకుం ఇచ్చింది. సంగప్ప తియ్యలె. ఇగ అదాలత్ మాట లెక్కచెయ్యలేదని తౌహీన్ కేసు వడ్డది. గసోంటి కేసుల మనిషిని లోపలేస్తరని ఊరంత ఒకటే ముచ్చట.

గులాం రసూల్ చాయ్ హోటల్ల కూసోని సంగప్ప కోతలు కోస్తుండు. మనసుల మాత్రం పొద్దటిసంది గా ముచ్చటే తిరుగుతుంది. నోరు ఆపితే గా భయం అందరికి తెలుస్తదేమోనని ఆపుతలేడు.

"నేను అదాలత్‌ల అడుగు వెట్టంగనే మున్సిఫ్ సాబ్ కలం కింద వెట్టిండు. కంప తీస్తవా లేదా అన్నడు. నేను మీసం దువ్విన. ఆ తర్వాత ఏమైందో తెలుసా? సాబే లేశి నిలవడ్డడు."

"నిలవడ్డడా?" అన్నడు పక్క చేను దేవప్ప.

"నిలవడుడేంది, తన కుర్సీ నాకు ఏసిండు. నేను కూసుంటే కుర్సీ కాళ్లు భూమిల దిగవడ్డయి. వకీళ్లందరు కలిసి గుంజినా రాలె. గప్పుడు నేనొక్క తుమ్ము తుమ్మిన. అదాలత్ మీది గూనపెంకలు లేశి, నాగల్‌గిద్ద దాటి, బీదర్ల వడ్డయి. బీదరోళ్లు ఇప్పటికి గవ్వే కప్పుకుంటుండ్రు."

సాసర్ వంగి చాయ్ ధోతి మీద ఒలికింది. సంగప్ప చూసుకోలె.

"జైలు దరోగ ఉర్కొచ్చి తాళంచెవులు నా కాళ్లకాడ వెట్టిండు. నిన్ను లోపలేస్తే మా గోడలు నిలవయి, మమ్ముల పరేషాన్ చెయ్యకని ఏడ్సిండు."

జైలు మాట ఎవ్వలూ అడగలె, సంగప్పే ఎత్తుకున్నడు.

"ఆఖరికి ఏమైంది?" అన్నడు దేవప్ప.

"ఏముంది, అదాలత్ జవాను కాయితం తెచ్చి నా ఏలుముద్ర ఏయించుకున్నడు. తామీల్ అయింది అన్నడు. తామీల్ అంటే ఎరికెనా? హుకుం నెరవేరినట్టు. కేసు ఖతం."

ఇంతసేపు చెప్పినదాంట్ల గా ఏలుముద్ర ఒక్కటే నిజం. కేసు ఖతమని నమ్ముకునే సంగప్ప ఇన్ని రోజులు ఇంత తిన్నడు, పండుకున్నడు.

గులాం రసూల్ కేటిలి దించి వెట్టిండు. "ఏలుముద్ర ఏసినప్పుడు నువ్వు యాడున్నవ్, సంగప్పా?"

"చేన్ల," అన్నడు సంగప్ప. అన్నంక నాలుక కర్సుకున్నడు.

"అయితే అదాలత్ మొఖమే చూడలేదన్నట్టు. గా తామీల్ అంటే కాయితం నీకు ముట్టిందని, గంతే. హుకుం తామీల్ అయ్యేది కంప తీస్తెనే. రేప్పొద్దుగాల అదాలత్‌ల నీ పేషీ ఉన్నదని జవానే ఈడ చాయ్ తాగుకుంట చెప్పిండు. కంప అట్లనే ఉంటే నిన్ను లోపలేస్తరు."

సంగప్ప నోరు తెరిశిండు. మున్సిఫ్ రాలె, కుర్సీ రాలె, దరోగ రాలె.

"భయమైతుంది రసూల్ భాయ్," అన్నడు మెల్లగ. "ఎవ్వలన్న ఒక గొడ్డలి ఇయ్యిండ్రి."

దేవప్ప అప్పటికే తన గొడ్డలి భుజానికెత్తుకున్నడు.

"నడువు, నేను గూడ వస్త," అన్నడు. "నీకు తుమ్ము రాకపోతే గిది పనికొస్తది."