పది రోజుల రాజ్యభారం

హలో… ఆ, నేనేనమ్మా, మీ తాతయ్యని. ఆఫీసులో ఉన్నావా… ఉంటే కాస్త మెట్ల మీదకి వెళ్ళు. రాజ్య వ్యవహారం, నలుగురూ వినేది కాదు.

…కన్ను బాగానే ఉంది. శుక్లం తీసి ఇవాళ్టికి పదకొండో రోజు. నిన్న సాయంత్రం డాక్టరు నల్లద్దాలు తీసేసి, ఇక కంప్యూటరు చూసుకోవచ్చన్నాడు. ఎంత బాగా కనపడుతోందంటే, ఎదురింటి డాబా మీద చీమ పాకుతుంటే దానికి ఎడమ వెనక కాలు కుంటని ఇక్కణ్ణుంచే చెప్పేశాను.

…సరే, చీమ కాదు, పిల్లి. కుంటడం మాత్రం నిజం.

అసలు సంగతి విను. మన కంప్యూటరు ముసలిదైపోయిందని మీ అమ్మ మెకానిక్కుని పంపుతానంది కదా… ఆ, వచ్చాడు. ఎదురుగానే కూర్చున్నాడు, ఒళ్ళో స్క్రూడ్రైవరు పెట్టుకుని. లోపలి డిస్కు కొనఊపిరితో ఉందట. తీసేసి కొత్తది వేస్తాడట. పాతదాంట్లో ఏముంటే అది దాంతోపాటే పోతుంది, కావలసినవి ముందే తీసుకోమన్నాడు.

…కంగారు పడకు, తీసేసుకున్నాను. నువ్విచ్చిన పెన్‌డ్రైవులో నా రాజ్యం మొత్తం ఎక్కించేశా. నాలుగు వందల గంటలు ఆడిన ఆట, పదిహేడు కోటలు, రెండు ఓడరేవులు — చిటికెలో ఎక్కేశాయి. ఇంత తొందరగా ఎక్కాయేమిటా అనే నీకు ఫోను చేశాను.

…ఎలా అంటే… తెర మీద కిరీటం బొమ్మ ఉంటుంది చూడు, దాన్ని పట్టుకుని లాక్కొచ్చి పెన్‌డ్రైవులో పడేశాను.

…ఎందుకు నవ్వుతున్నావు.

…వట్టి బొమ్మేనా అది. ఆట తెరవడానికి మాత్రమే… అంటే గుమ్మం మీద పేరు పలక ఊడదీసుకుని, ఇల్లు మోసుకొచ్చేశాననుకున్నానన్నమాట.

— బాబూ, నువ్వు కూడా నవ్వకు. ముందు ఆ స్క్రూడ్రైవరు కింద పెట్టు. — మెకానిక్కుతో అంటున్నానమ్మా. వాడికీ వినపడింది.

…నవ్వులాట కాదే తల్లీ. సెలూన్లో ఈ రాజ్యం గురించి చెప్పని రోజు లేదు. ఒక్క యుద్ధం ఓడలేదని చెప్పాను. ఆదివారం అందరినీ ఇంటికి రమ్మన్నాను, నేను పట్టిన ఉత్తరపు కోట చూపిస్తానని. ఇప్పుడు రాజ్యం పోయిందన్నాననుకో, అసలు ఎప్పుడైనా ఉండిందా అంటారు. అప్పుడు నేను బస్సు మీద నది దాటిన కథ కూడా అనుమానంలో పడిపోతుంది.

…ఓడలేదన్నది అబద్ధమెలా అవుతుంది. ఓడబోతున్నానని తెలియగానే వెనకటి సేవులోకి, అంటే అంతకుముందు దాచిన ఆటలోకి, వెళ్ళిపోయేవాణ్ణి. ముప్పై రెండేళ్ళు బస్సు నడిపిన మనిషిని, రివర్సు గేరు చేతిలో ఉండగా గోతిలో పడతానా.

…ఉత్తరపు కోటకా… పంతొమ్మిది సార్లు వెనక్కి వెళ్ళాను. ఇరవయ్యోసారి పట్టాను. సెలూన్లో ఆ ఇరవయ్యోసారి సంగతే చెప్పాను.

సరే, ఎక్కడ దాక్కుంటాయో చెప్పు. …క్లౌడంటే ఆ మబ్బులోనా. లేదు, ఆట మొదట్లో అడిగింది, మీ సేవులు మబ్బులో దాచమంటారా అని. వద్దని నొక్కాను. గట్టి వాన పడితే నా సైన్యం ఎవరి పెరట్లో కురుస్తుందో ఏమో.

…నవ్వడం అయ్యాక చెప్పు.

ఆ… పసుపు ఫోల్డరు తీశా. డాక్యుమెంట్లు… తీశా. ఇక్కడ నా కంటి పరీక్ష కాగితాలు, నీ ఒకటో తరగతి ఫోటో… ముందు పళ్ళు లేవు నీకు… వెళ్తున్నా, వెళ్తున్నా. ‘నా ఆటలు’… దాంట్లో మళ్ళీ ఆ కిరీటం ఆట పేరు… దాంట్లో ‘సేవులు’. దొరికింది. గూట్లో గూడు, ఆ గూట్లో ఇంకో గూడు. శత్రువులకేం, సొంత రాజుకే దొరక్కుండా దాచాడు వీటిని చేసినవాడు.

…‘తేదీ’ అన్న మాట మీద నొక్కాలా… నొక్కా. కొత్తవి పైకొచ్చాయి. చదువుతున్నా. ‘ఆటోసేవ్ ఒకటి’, నిన్న మధ్యాహ్నం. ‘ఆటోసేవ్ రెండు’, నిన్న మధ్యాహ్నం. మూడు… అదీ నిన్నే.

…అదే నేనూ అంటున్నా. నిన్న మధ్యాహ్నం నేను కంట్లో చుక్కలు వేయించుకుని వెల్లకిలా పడుకున్నా. పది రోజులుగా ఈ తెర వైపు చూడనే లేదు.

…మూడే ఉంటాయా. కొత్తది రాగానే పాతదాని మీదే రాసేస్తుందా. అంటే నావి…

…చేత్తో ఎప్పుడూ సేవ్ చెయ్యలేదమ్మా. దానంతట అదే చేసుకుంటుంటే మధ్యలో నేనెందుకని.

…తిట్టు. తిట్టించుకుంటా. …ఆగు. కింద ఇంకా ఉన్నాయి. ఇవి ఎవరో పేర్లు పెట్టి దాచినవి. విను.

‘ఒకటో రోజు. చేర్చినప్పటి పరిస్థితి. విషమం.’

‘రెండో రోజు. ఉత్తరాన జ్వరాలు. నీళ్ళు మార్చాం.’

‘ఆరో రోజు. తూర్పు సరిహద్దులో వాపు తగ్గింది.’

‘పదో రోజు. నిలకడగా ఉంది. మెల్లగా నడిపించవచ్చు.’

…అవునమ్మా. ఇలా రాసేది ఇంట్లో ఒక్కరే. ముప్పై ఏళ్ళు ఆస్పత్రి మంచాలకి తగిలించిన అట్టల మీద రాసిన నర్సమ్మ. మీ అమ్మమ్మే.

…నువ్వు నేర్పలేదూ. నిజంగా. మరి తనే నేర్చుకుందన్నమాట.

ఓహో… ఇప్పుడు తెలిసింది. ఈ పది రోజులూ నేను మంచం మీద కళ్ళు మూసుకుని రాజ్యం కబుర్లు చెబుతుంటే, కుర్చీలోంచి టిక్కు టిక్కుమని ఒకటే చప్పుడు. ఏం చేస్తున్నావంటే బఠాణీలు ఒలుస్తున్నానంది. పది రోజులు బఠాణీలు ఒలిచిన మనిషి ఒక్క పూటైనా బఠాణీలు వండలేదు. నాకైనా అనుమానం రావద్దూ.

…అదొక్కటే కాదు, ప్రశ్నలు కూడా వేసింది. ఓడరేవు తూర్పున కడితే నయమా, పడమరనా. ధాన్యం ఎన్ని నెలలకి సరిపడా దాచాలి. నలభై ఒక్క ఏళ్ళ కాపురంలో నా కబుర్లకి మొదటిసారి ప్రశ్న అడిగిందే అని నేను రెచ్చిపోయి చెప్పాను. అడిగింది పదైతే, చెప్పింది వంద. ఆ రాత్రులు నిద్ర కూడా హాయిగా పట్టింది.

…ఆ, ముందు ఎక్కించాలి, ఎక్కించాలి. ఫోల్డరు మొత్తం పట్టుకుని… ఈసారి బొమ్మ కాదుగా… పచ్చ గీత నడుస్తోంది. ఎంత మెల్లగా నడుస్తోందో. రాజ్యమన్నాక ఆ మాత్రం బరువుండాలి.

…అయింది. రాజ్యం బతికింది. ‘ఒకటో రోజు’ది నాదేనంటావా… తను ముట్టుకోకముందే దాచి ఉంచిందా. ఆస్పత్రిలో మనిషిని చేర్చుకోగానే రాసి పెట్టుకుంటారు చూడు, అలా. బాగుంది. అయితే ఆదివారానికి నా రాజ్యం నాకుంది.

…పదో రోజుది ఎలా ఉందో చూడనా. చూస్తా, మెకానిక్కు కూడా చూద్దామంటున్నాడు. తెరుస్తున్నా…

…అమ్మడూ, జనం రెట్టింపయ్యారే. ప్రతి కోట పక్కనా ఓ ఆస్పత్రి. ఎవరితోనూ యుద్ధం లేదు. నాతో కత్తులు దూసిన ముగ్గురు రాజులతోనూ సంధి… ఆగు. ఉత్తరపు కోటేది.

ఎర్రగా ఉందే. అది ఎర్రగడ్డం రాజు రంగు.

…ఇచ్చేసింది. ఇరవై సార్లు దండెత్తి పట్టిన కోట, ఊరికే ఇచ్చేసింది. పోగొట్టుకోవడం కూడా కాదు, ఇదిగో రాసి ఉంది, ‘అప్పగింత’ అని. లేదు, లేదు, నేనీ పదో రోజుది చెరిపేస్తా. ఒకటో రోజుదే ఉంచుతా. ఎక్కడ నొక్కితే పోతుందో చెప్పు.

…ఎందుకు చెప్పవు. …ఆవిడనా. వీధి చివర ఎవరికో కట్టు మార్చడానికి వెళ్ళింది, అదిగో, గేటు తీస్తోంది. అడుగుతా. అడగకపోతే రాజునెలా అవుతా. లైన్లోనే ఉండు.

— ఏమోయ్. బఠాణీలు ఒలిచావటగా పది రోజులు.

— అది సరే. ఉత్తరపు కోట ఎందుకిచ్చావు.



…ఉన్నానమ్మా. చెప్పులైనా విప్పలేదు, సంచీ నా చేతిలో పెట్టి కంప్యూటరు ఎలుకని పట్టుకుంది. ఏదో పేజీ తీస్తోంది. ‘దండు ఆరోగ్యం’ అట… నేనెప్పుడూ తియ్యలేదు దాన్ని. కత్తుల పేజీ, గుర్రాల పేజీ తప్ప నాకేం తెలుసు.

…చదువుతున్నా. కోట పట్టాక రెండేళ్ళలో, యుద్ధంలో పోయినవాళ్ళు మూడు వందలు. విరేచనాలతో, జ్వరంతో పోయినవాళ్ళు… పదకొండు వేలు.

…ఆ. పదకొండు వేలు.

…ఏమందా. నాకు ఆపరేషనైన రోజు కంప్యూటరు కట్టేద్దామని కూర్చుందట. అక్కడ జ్వరాలు కనపడ్డాయట. రోగుల్ని అలా వదిలేసి ఎలా లేస్తాననుకుందట. ఆ తరువాత ఒక్క మాటే అంది. “కోట గెలిచింది మీరు కాదండీ, అక్కడి బావి.”

…లేదు, పోట్లాడుకోవడం లేదు. ఆవిడ సంచీ ఇంకా నా చేతిలోనే ఉంది.

…ఎర్రగడ్డం వాడా. కోట తీసుకున్నాడు, ఆ బావి నీళ్ళే తాగాడు, నెల తిరక్కుండా వాడే మనిషిని పంపాడట, మందులిమ్మని. ఈవిడ వైద్యుల్ని పంపింది. ఇప్పుడు వాడి కొడుకు మన రాజధానిలో చదువుకుంటున్నాడు. కత్తి దూయకుండా ఎర్రగడ్డాన్ని లొంగదీసిందమ్మా మీ అమ్మమ్మ. నేను ఇరవై సార్లు…

…ఆదివారం సంగతా. అడిగాను. వాళ్ళని రానివ్వండి, నేనే చూపిస్తానంటోంది. వాళ్ళు నన్ను నమ్మినా నమ్మకపోయినా, ఇంజక్షన్లు ఇచ్చిన చెయ్యి కదా, ఈవిడ ముందు మాత్రం కిక్కురుమనరు.

…పదోదే. చెరపనులే. అదే తెరిచి చూపించమన్నాను.

మెకానిక్కుని ఇంకో అరగంట కూర్చోమంది. వాడు స్క్రూడ్రైవరు జేబులో పెట్టేసి కుర్చీ ముందుకి జరుపుకున్నాడు. దక్షిణాన కొత్తగా జ్వరాలు కనపడ్డాయట. అక్కడ ఏ కోటలో ఎన్ని బావులున్నాయో లెక్కపెట్టి చెప్పమంటోంది, నన్ను. కన్ను బాగుందన్నారుగా అంటోంది.

…అదేనమ్మా నేనూ అన్నాను, పదిహేడు కోటల రాజునని. పదహారు అంది.

సరే, ఉంటా. నీతో మాట్లాడుతుంటే లెక్క తప్పిపోతోంది. ఈ కోటలో ఒకటి… రెండు… గోడ పక్కన అదేమిటి, బావా, గొయ్యా… దగ్గరికి చెయ్యవోయ్, కనపడనీ… మూడు…