పళ్ళ డాక్టరమ్మ బండికి మూడో సీలు

కాళ్ళు కాస్త బండి కిందికి లాక్కోరా, తొక్కేస్తాను! షెడ్డులో నడవడానికి దారి లేదు. పొద్దున్నుంచి నేను మాట్లాడుతున్నది నీతో కాదు, నీ చెప్పులతో. అవే నయం, మధ్యమధ్య కదులుతున్నాయి.

తొమ్మిది రోజులైందిరా. సొంత అక్క మొగుణ్ణి. పదమూడేళ్ళు నీ పక్కన పడుకుని గేర్‌బాక్సులు దించినవాణ్ణి. నాతో తొమ్మిది రోజులుగా ఒక్క మాట లేదు. బెల్లం కొట్టిన రాయిలా ఉలకవు, పలకవు. ఇంట్లో మీ అక్క కూడా అంతే. కంచం ముందు పెడుతుంది, పక్క గదిలోకి వెళ్ళి టీవీ సౌండు పెంచుతుంది. అక్కాతమ్ముళ్ళిద్దరూ కూడబలుక్కుని మౌనవ్రతం పట్టారు. మీ ఇద్దరి వంతూ కలిపి నేనే వాగుతున్నాను.

ఏంటి? చెయ్యి చాపావేం? పదిహేడు పానానా? కాదా? పందొమ్మిదా? అలా ఊపితే నాకేం తెలుస్తుందిరా, ట్రాఫిక్ పోలీసువా? ఓహో, ట్రే. ఆయిల్ దించడానికి. చెప్పొచ్చుగా, "బావా, ట్రే ఇయ్యి" అని! మూడంటే మూడు మాటలు. పళ్ళు రాలిపోతాయా?

రాలినా ఫర్లేదులే, పెట్టడానికి డాక్టరమ్మ ఉంది. ఈ బండి ఆవిడదేగా.

అబ్బ, ఆవిణ్ణి తలుచుకుంటే నా దవడ లాగుతుందిరా. నిన్న ఫోన్లో ఏమందో తెలుసా? "మెకానిక్ గారూ, నేను ఒక పన్నుని ఒక్కసారే పీకుతాను. మీరు ఒకే సీలుని మూడోసారి పీకుతున్నారు" అంది. నవ్వుతూ అందిరా! తిడితే పడొచ్చు, నవ్వుతూ అంటే ఎక్కడ దాక్కోవాలి? నేనూ నవ్వాను. ఏం చేయను మరి.

ఆవిడ బాధా నిజమేలే. ఆటోమేటిక్ గేర్‌బాక్స్ ఆయిల్ ఎర్రగా ఉంటుందని నీకు తెలుసు, నాకు తెలుసు. పన్ను నొప్పితో చెంప పట్టుకుని వచ్చినవాడికి తెలుసా? క్లినిక్ ముందంతా తెల్ల టైల్స్. వాటి మీద ఎర్రటి చుక్కలు, గేటు దగ్గర్నుంచి మెట్ల దాకా వరసగా! ఒకాయన ఆ చుక్కలు చూసి, మెట్ల మీద నుంచే "నొప్పి తగ్గిపోయిందమ్మా" అని కేకేసి అటు నుంచి అటే పరుగట. ఇంకొకావిడ పిల్లాడి కళ్ళు మూసి వెనక్కి తీసుకుపోయిందట. నర్సు రోజూ పొద్దున్నే గుడ్డ పట్టుకుని తుడుస్తోందట. తుడుస్తుంటే చూసినవాళ్ళు ఇంకా భయపడుతున్నారట!

దానికి నేనేం చేయనురా? ఆయిల్ కారకుండా ఆపాల్సిన సీలుని తయారుచేసినవాడు అట్ట లాంటి రబ్బరుతో చేస్తే నాదా తప్పు? రోడ్డు మీద గుంతలు నేను తవ్వానా? ఆవిడ స్పీడ్ బ్రేకర్ మీద నుంచి గుర్రం ఎక్కినట్టు దూకిస్తే చక్రాన్ని తిప్పే షాఫ్ట్ ఊరుకుంటుందా? ఈ ఆటోమేటిక్ బండ్లే అంత. క్లచ్చు లేదు, బాధ్యత లేదు.

ఆడలేక మద్దెల ఓడు అన్నాట్ట అని మనసులో అనుకుంటున్నావు కదూ? అనుకో. నీ కాలి బొటనవేలు చూస్తేనే తెలుస్తోంది.

సరేగానీ, నీ స్కూటర్ మీద ఆ పానాల పెట్టె ఏంట్రా? తాడేసి మరీ కట్టావు. నాకు కళ్ళు లేవనుకున్నావా? ఈ బండి ముగించి, ఇటు నుంచి ఇటే ఆ పెద్ద సర్వీస్ సెంటర్‌కి వెళ్ళిపోతావన్నమాట. ఎవరూ చెప్పలేదు నాకు. నువ్వు మీ ఆవిడతో ఫోన్లో అంటుంటే నేను గోడకి ఇవతల ఉన్నాను. చెవి ఆనించలేదు, గోడే నా చెవికి ఆనింది.

వెళ్ళు. రాజాలా వెళ్ళు. నీలం రంగు యూనిఫారం ఇస్తారు, జేబు మీద పేరు కుట్టిస్తారు. అక్కడ బండి వస్తే కింద దూరేవాడెవడూ లేడు. ముందు కంప్యూటర్ తగిలిస్తారు. అది "గేర్‌బాక్స్ మొత్తం మార్చేయండి" అంటుంది. మార్చేస్తారు. సీలు కారుతోందని గేర్‌బాక్స్ మార్చడం! చెప్పు కరిచిందని కాలు తీసేసినట్టు. నీ చేతులకి అక్కడ పనేం ఉంటుందిరా?

ఏంటీ, చెయ్యి మళ్ళీ? చిన్న పలుగా? ఇదిగో. నిదానం. గేర్‌బాక్స్ అంచు మీద ఆనించి...

అరె. షాఫ్ట్ ఊడిందా? ఒక్క గుంజుకేనా? "టక్" మని అంత సులువుగానా! పోయినసారి నాకు... సరేలే. పోయినసారి బండి వేడిగా ఉంది.

నలభై నిమిషాలు పట్టిందిరా నాకు. నువ్వు ఆ చివర బ్రేకులు చేస్తూ చూస్తూనే ఉన్నావు. వచ్చి సాయం పట్టలేదు. నేనూ పిలవలేదనుకో. నువ్వు వేసిన సీలు రెండు వారాల్లో కారింది కదా, "ఇలా వేయాలి" అని నీకు చూపించాలని పంతం. చూపించాను. నాది పది రోజులకే కారింది.

ఆ పదో రోజే కదా ఆవిడ వచ్చింది. ఏమిటిది అని అడిగింది. అప్పుడు నేనన్నదెంత? ఒక్క మాట! "మా బామ్మర్ది తొందర మనిషండీ, మొదటిసారి పాత సీలు పీకేటప్పుడు స్క్రూడ్రైవర్‌తో గాటు పెట్టాడు. సీలు కూర్చునే చోట గీత పడ్డాక దేవుడు దిగొచ్చి వేసినా కారుతుంది" అన్నాను. ఒక్క మాట కాదులే, మూడు నాలుగు ఉంటాయి.

నువ్వు సరిగ్గా అప్పుడే టీ గ్లాసులు పట్టుకుని వచ్చావు. విన్నావు. గ్లాసులు బల్ల మీద పెట్టావు. ఒక్క చుక్క ఒలకలేదు. చేతులు తుడుచుకుని వెళ్ళి బ్రేకులు బిగించుకున్నావు. అరిచి ఉంటే బాగుండేదిరా! నువ్వో నాలుగు అంటే నేనో నాలుగు అందును, సాయంత్రానికి ఇద్దరం ఒకే గిన్నెలో తిందుము. నువ్వు అరవలేదు. అది నాకు గోరుచుట్టు మీద రోకటి పోటు అయింది.

పాత సీలు వచ్చేసిందా? ఇటు పడెయ్. చూడకు, అందులో చూసేదేం లేదు. డబ్బాలో వెయ్యమన్నానా! కొత్తది అందిస్తున్నాను, గుండ్రంగా పెట్టి, ఆ గొట్టం ముక్క ఆనించి నాలుగు వైపులా సమంగా తట్టు. అయిపోతుంది.

ఏంట్రా, ఏం చేస్తున్నావు అక్కడ?

ఆ టార్చ్ ఎందుకు? వేలితో ఏం తడుముతున్నావు? తిప్పావు కదా ఒకసారి. మళ్ళీనా? గోటితో గీరి చూస్తున్నావా? నాకు చప్పుడు వినిపిస్తోంది. ఎందుకురా అంతసేపు?

ఆ గీత కోసమా?

ఉందేమోనని నీకే అనుమానం వచ్చిందా? పదమూడేళ్ళలో నీ చేతి మీద నువ్వు అనుమానపడటం నేను చూడలేదు. కళ్ళు మూసుకుని బోల్టు సైజు చెప్పేవాడివి. ఇప్పుడేమో టార్చ్ నోట్లో పెట్టుకుని, నువ్వు పెట్టని గాటు కోసం... అంటే, నా ఉద్దేశం... నువ్వు పెట్టావో లేదో తెలియని గాటు కోసం వెతుకుతున్నావు.

ఏంటా సైగ? వేలు మీద వేలు రాస్తున్నావు. ఎమరీ కాగితమా? దేనికి? ఆ చోటు నున్నగా రుద్దుతావా?

అయిపోయిందిరా ఎమరీ. అవును, బల్ల మీద ఉంది, అది గరుకుది. దాని కిందదా? అదీ... అది సన్నదే. నీకన్నీ పడుకునే ఎలా కనిపిస్తాయిరా?

ఉండు. ఇస్తాను. ఒక్క నిమిషం ఆగు.

ఇవ్వను.

ఇవ్వనురా. దాంతో రుద్దితే ఆ చోటు వెంట్రుకంత అరుగుతుంది. అప్పుడు ఏ సీలూ బిగువుగా కూర్చోదు. అప్పుడు నిజంగానే నీ చేతులతో నువ్వే పాడుచేసినట్టవుతుంది. ఇందాక కాగితం చేతిలోకి తీసుకున్నప్పుడు నా బుర్రలో ఏం మెదిలిందో తెలుసా? ఇచ్చేయ్ అని. రుద్దుకోనీ, నా మాట నిజమైపోతుంది అని. ఒక్క క్షణమే అనుకో. కానీ మెదిలింది. ఛీ!

గీత లేదు. వెతకకు. నేను రెండోసారి సీలు పీకినప్పుడే చూశాను, నేనూ నీలాగే వేలు తిప్పాను. అద్దంలా ఉంది. అంతా చూసి, తెలిసే ఆవిడతో ఆ మాట అన్నాను.

రాకు! బయటికి రాకు. నా మొహం చూశావంటే మిగతాది చెప్పలేను. అక్కడే పడుకుని విను.

రెండు నెలల కిందట ఈ బండి మామూలు సర్వీసుకి వచ్చింది కదా. అప్పటికి ఇది చుక్క కూడా కారడం లేదు. ఇంజన్ నేను కడిగాను. నీళ్ళ పంపు కొట్టే ముందు కన్నాలన్నీ మూయాలి అని నీకు నేర్పిన గురువుని కదా! గేర్‌బాక్స్ నెత్తి మీద, బ్యాటరీ కింద, లోపలి గాలి బయటికి పోవడానికి ఒక చిన్న గొట్టం ఉంటుందే. నీళ్ళు దూరకుండా దానికో రబ్బరు టోపీ తొడిగాను. బ్రేకు నిపిల్ మీద ఉండే టోపీ. సరిగ్గా సరిపోయింది. నా తెలివికి నేనే మురిసిపోయాను. కడిగాను, తుడిచాను, బ్యాటరీ బిగించాను. టోపీ తీయడం మర్చిపోయాను.

ఇంకేముంది? బండి నడిచినప్పుడల్లా లోపల వేడెక్కింది, గాలి ఉబ్బింది, పోవడానికి దారి లేదు. ఆయిల్‌ని తోసింది. సీలు ఏం చేస్తుంది పాపం? కంపెనీ సీలూ మంచిదే. నువ్వు వేసిందీ మంచిదే. నేను వేసింది... అదీ మంచిదేలే, ఎంతైనా.

ఆవిడ తీరిక చూసుకుని బండి మళ్ళీ ఇక్కడ వదిలిన రోజు, అంటే నాలుగు రోజుల కిందట, ఛార్జింగ్ కోసం బ్యాటరీ దించితే కనబడింది. నల్లగా, బుద్ధిగా, పెట్టినచోటే కూర్చుని ఉంది. చటుక్కున పీకి జేబులో వేసుకున్నాను. తేలు కుట్టిన దొంగలా నోరు మూసుకున్నాను. నాలుగు రోజులుగా ప్యాంటు మార్చిన ప్రతిసారీ ఆ టోపీని కూడా మారుస్తున్నానురా. మీ అక్కకి దొరుకుతుందని భయం.

నా ప్లాను కూడా వినెయ్యి. ఈ మూడో సీలు నువ్వు వేసి వెళ్ళిపోతావు. ఇక చుక్క కారదు. అప్పుడు ఆవిడతో, "ఈసారి నేను దగ్గరుండి చేయించానండీ" అని మీసం దువ్వుదామనుకున్నాను.

ఎందుకంటావా? అనవులే, నేనే చెప్తాను. ఆవిడ మొదటిసారి ఈ లీకు పట్టుకుని వచ్చినప్పుడు అద్దం దించి ఏమడిగిందో తెలుసా? "మీ బామ్మర్ది లేరా? అయితే మళ్ళీ వస్తాను" అంది. నేను ఎదురుగానే నిలబడి ఉన్నానురా, చేతిలో పానా పెట్టుకుని! ఆవిడొక్కతే అయితే సరే. కొరియర్ వ్యాన్ డ్రైవరూ అదే మాట, స్కూలు బస్సు ఆయనా అదే మాట. బోర్డు మీద పేరు నాది, నోళ్ళలో పేరు నీది. నీకు పానా పట్టుకోవడం నేర్పిందే నేను. కుళ్ళురా. దానికింకో పేరు లేదు.

ఏంటి? ఎమరీ ఇవ్వనని చెప్పాను కదా. కాదా? చెవి దగ్గర చెయ్యి పెట్టావు... ఫోనా? ఎవరికి? ఆవిడకా? ఇప్పుడేనా? ఎవరి నోట్లోనో చెయ్యి పెట్టి ఉంటుందిరా ఈపాటికి! సాయంత్రం తీరిగ్గా... సరే, సరే, పానాతో కొట్టకు, ఆవిడ బండి సొట్ట పోతుంది! చేస్తున్నాను.

హలో, డాక్టరమ్మగారూ, నమస్కారమండీ. బండి గురించేనండీ. కారణం దొరికింది. చిన్న గాలి సమస్యండీ, ఎండలు కూడా ఎక్కువగా ఉన్నాయి కదా, దాంతో ఏమవుతుందంటే... కొట్టకు అన్నానా! మీతో కాదండీ. కాదు, ఎండలు కాదు. మా బామ్మర్ది తప్పు లేదండీ. గీతా లేదు, గాటూ లేదు. గాలి గొట్టానికి నేను టోపీ పెట్టి మర్చిపోయాను. ఆ గీత మాట కల్పించి చెప్పాను. అవునండీ. తెలిసే చెప్పాను. ఆ. ఆ. అలాగేనండీ. అడిగి చెప్తాను.

పెట్టేసింది. ఒక్క మాట కూడా తిట్టలేదు.

నువ్వు ఏ సర్వీస్ సెంటర్‌లో చేరుతున్నావో కనుక్కుని చెప్పమంది. ఇక మీదట బండి అక్కడికే తెస్తుందట. ఇంతకాలం నోరు మూసుకున్నా బాధే, ఇప్పుడు తెరిచినా బాధే. సరేలే, న్యాయమే కదా. పేరు చెప్పకపోతే నేను ఆ గోడ దగ్గర విన్నదే చెప్తాను ఆవిడకి.

ఇదిగో, సీలు పట్టుకో. అంచుకి గ్రీజు రాశాను. షాఫ్ట్ ఎక్కించేటప్పుడు కాస్త పైకెత్తి పట్టుకో, వంకర పోతే దాని పళ్ళు తగిలి సీలు అంచు తెగుతుంది, నిదానంగా, తిన్నగా...

పోనీలే. నీకు నేను చెప్పేదేముంది.