లైబ్రరీ ముందు తీసిన ఫోటో

ఎవరే అమ్మాయ్ ఆ పిల్ల, పొద్దున్నుంచీ ఫోన్లో అందరూ కలిసి తిట్టిపోస్తున్నారు? ఏదో మంత్రితోనా? ఆఁ, సరిపోయింది. మా కాలంలో ఈ పని పేపర్లు చేసేవి, అంతే తేడా. లైబ్రరీ అమ్మగారని ఒకావిడ ఉండేది, నా ఫోటో స్టూడియోకి ఎదురుగానే ఆవిడ లైబ్రరీ. పోయి చాలా ఏళ్ళయిందిలే. మంచి మనిషి, కానీ పుస్తకం ఆలస్యంగా తెస్తే మాత్రం కళ్ళతోనే చంపేది, నేనే రెండుసార్లు చచ్చాను. ఎక్కడున్నాను? ఆఁ, లైబ్రరీకి కొత్త గది కట్టారు, మంత్రిగారొచ్చి రిబ్బన్ కత్తిరించారు, ఫోటో తీసింది నేను. ఊళ్ళో పెద్దలంతా వరసగా నిలబడ్డారు. మంత్రి పక్కన ఈవిడ, ఈవిడ పక్కన మొగుడు. "కొంచెం నవ్వండి" అన్నాను. అది నా అలవాటు, చంటిపిల్లలకైనా మంత్రులకైనా అదే మాట.

తర్వాత ఎన్నికలొచ్చాయి. అవతలి పార్టీ పేపరు ఆ ఫోటో ఎక్కడో సంపాదించి, అటూ ఇటూ ఉన్నవాళ్ళనందరినీ కోసేసి, మంత్రినీ ఈవిణ్ణీ మాత్రమే వేసింది. పైన "గ్రంథాలయంలో గుసగుసలు" అని ఇంత లావు అక్షరాలు! ఇంకేముంది, జన్మలో పుస్తకం ముట్టనివాళ్ళు కూడా సభ్యత్వం కట్టి మరీ ఆవిణ్ణి చూడ్డానికి వచ్చారు. మంత్రికేం, దర్జాగా మళ్ళీ గెలిచాడు. ఈవిడ మొగుడు మాత్రం అలిగి వాళ్ళక్క ఇంటికెళ్ళి కూర్చున్నాడు. అప్పుడు వచ్చింది నా దగ్గరికి. "అన్నయ్యా, ఆ ఫోటో మొత్తం పెద్దదిగా కడిగి మీ షాపు అద్దాల్లో పెట్టండి. ఊరు చూస్తే చూసింది, లేకపోతే లేదు. ఆయన చూస్తే చాలు, ఇంటికొస్తారు" అంది. సరేనని పెట్టాను. జనం ఎగబడ్డారనుకో. మొగుడు పక్కనే నిలబడి కనబడుతున్నాడు కదా, అయినా ఆవిడ మీదే వేలు పెట్టి "ఇదిగో, ఇదేరా" అనడమే.

చివరికి ఆయనా వచ్చాడు, ఆవిడే బతిమాలి తీసుకొచ్చింది. షాపు ముందు నిలబడి చాలాసేపు చూశాడు. తన బొమ్మ తనకి కనబడుతూనే ఉందాయె. "ఎందుకు నవ్వావు?" అన్నాడు. నాకు ఒళ్ళు మండిపోయింది. "నవ్వమంది నేనేనండీ బాబూ!" అన్నాను. "మిగతావాళ్ళెవరూ నవ్వలేదుగా" అన్నాడు. నిజమే, అందరూ బిగుసుకుపోయి ఉన్నారు. ఆవిడేం ఏడవలేదు. "దించెయ్యండి అన్నయ్యా" అని, ఆయన కోసం ఆగకుండా రోడ్డు దాటి, లైబ్రరీ తలుపు తీసుకుని లోపలికెళ్ళిపోయింది.

...సరేగానీ, టీ ఇస్తానన్నావు, ఏదీ?